మేకప్ తీసి గరిటె పట్టిన మేనమామ

మీ ఇంట్లో కాలేజీకి వెళ్ళే అమ్మాయి ఉందా? ఉంటే రాత్రి పదింటికి సెల్‌ఫోను దుప్పట్లోకి తీసుకెళ్ళి, మనకి ఒక్క ముక్క అర్థంకాని భాషలో సీరియల్ చూసే అలవాటు కూడా ఉండే ఉంటుంది. "ఏమిటే ఆ గోల?" అంటే "కొరియన్ డ్రామా అమ్మా, నీకు తెలీదులే" అంటుంది. అవునుమరి, మనకేం తెలుసు!

ఈసారి ఆ మాట అన్నప్పుడు మీరు కూడా ఓ ప్రశ్న వెయ్యండి. "ఇటేవాన్ క్లాస్ చూశావా?" అని అడగండి. చూసే ఉంటుంది. 2020లో వచ్చిన సీరియల్ అది. జైలుకెళ్ళి వచ్చిన ఓ కుర్రాడు సియోల్ నగరంలో ఇటేవాన్ అనే పేటలో చిన్న కొట్టు పెట్టి, కొండంత కంపెనీని ఢీకొంటాడు. "మరి నిజంగా ఆ పేటలో హోటలు పెట్టి, పేటకే పేరు తెచ్చిన నటుడి సంగతి తెలుసా?" అని అడగండి. అప్పుడు ఫోను పక్కన పెట్టి మీ వైపు చూస్తుంది. చూడకపోతే నన్నడగండి!

ఆ నటుడి పేరు హాంగ్ సొక్‌చొన్. మనకి లాగే వాళ్ళకీ ఇంటిపేరే ముందు. హాంగ్ ఇంటిపేరు, సొక్‌చొన్ అసలు పేరు. నున్నగా గీయించిన గుండు, నోరారా నవ్వే నవ్వు. కొరియాలో ఆయన్ని ఎరగని ఇల్లాలు ఉండదు. టి.వి.లో నవ్వించాడు, ఒకే ఒక్క మాటతో ఉద్యోగాలన్నీ పోగొట్టుకున్నాడు. పొట్ట గడవటానికి హోటలు పెట్టాడు, ఒకటి పదయ్యింది, చివరికి ఒక్కటీ మిగల్లేదు. అయినా మనిషి మాత్రం మిగిలాడు. ఆ కథే మీకు చెప్పబోతున్నాను.

మిరపకాయల ఊరి పిల్లవాడు

హాంగ్ పుట్టింది 1971 ఫిబ్రవరి 10న, దక్షిణ కొరియాలో చొంగ్యాంగ్ అనే పల్లెటూళ్ళ ప్రాంతంలో. మనకి గుంటూరు ఎలాగో వాళ్ళకి చొంగ్యాంగ్ అలాగ. మిరపకాయ అనగానే ఆ పేరే చెబుతారు. కొరియా వాళ్ళు పులుసుల్లో తుంచి వేసుకునే ఘాటైన పచ్చిమిర్చి పేరే 'చొంగ్యాంగ్ మిర్చి'. ఆ పేరు మా ఊరి వల్లే వచ్చిందని ఊరివాళ్ళు అంటారు. కాదు, చొంగ్‌సొంగ్, యొంగ్యాంగ్ అనే మరో రెండు ఊళ్ళ పేర్లు కలిపి పెట్టామని విత్తనం తయారుచేసిన వాళ్ళు అంటారు. ఈ తగవు ఇంకా తెగలేదు. ఘాటు మాటకొస్తే మన గుంటూరు మిర్చి ముందు అది పసిపాపే లెండి!

ముగ్గురు అక్కల తర్వాత పుట్టిన ఒక్కగానొక్క మగపిల్లవాడు. ఆ మాట వినగానే ఆ ఇల్లు ఎలా ఉండేదో మీ కళ్ళకి కట్టే ఉంటుంది. మన ఇళ్ళల్లో లాగే అక్కడా వంశం నిలబెట్టేది కొడుకే, పెద్దలకి ఏటేటా పూజ చేసేదీ కొడుకే. అలాంటి కొడుకు ఇంజనీరో డాక్టరో అవుతానంటే సంతోషం. నాటకాలు నేర్చుకుంటానని సియోల్ బండెక్కాడు. హన్యాంగ్ విశ్వవిద్యాలయంలో నాటక, సినిమా శాఖలో చేరాడు. 1990ల నడుమ టి.వి.లో అడుగుపెట్టాడు.

అందరూ నవ్వారు

1996లో ఎం.బి.సి. ఛానెల్లో ఓ హాస్య సీరియల్ మొదలైంది. 'ముగ్గురబ్బాయిలు, ముగ్గురమ్మాయిలు' అని పేరు. కాలేజీ పిల్లల అల్లరి కథ. 1999 దాకా నడిచింది. అందులో సుకుమారం ఒలకబోస్తూ మాట్లాడే డ్రెస్ డిజైనర్ వేషం హాంగ్‌ది. పాత్ర పేరు ప్వాసొన్. ఆయన చెయ్యి తిప్పితే నవ్వు, కన్ను తిప్పితే నవ్వు. సీరియల్ అయ్యేసరికి ఇంటింటి మనిషి అయిపోయాడు.

దానికి తోడు పిల్లల కార్యక్రమం ఒకటి. 'బొబొబొ' అని, అంటే 'ముద్దు ముద్దు ముద్దు' అని అర్థం. 1981లో మొదలై 2013 దాకా నడిచింది. మూడు దశాబ్దాల పాటు కొరియా తల్లులు పిల్లలకి అన్నం పెడుతూ చూపించిన కార్యక్రమం అది. అందులో ఆయన కూడా కనిపించేవాడు. సీరియళ్ళు, రేడియో, పిల్లల కార్యక్రమం... చేతి నిండా పని. ముప్పై ఏళ్ళు నిండకుండానే ఇంతకంటే ఏం కావాలి చెప్పండి?

కానీ మనిషన్నాక గుండెల్లో ఏదో ఒకటి దాచుకుంటాడు. ఆయన దాచుకున్నది చాలా పెద్దది.

ఒక్క మాట

2000వ సంవత్సరం. ఓ టి.వి. కార్యక్రమం రికార్డు చేస్తుండగా మాటల మధ్యలో ఒకరు నవ్వులాటకి అడిగారు, నువ్వు మగవాళ్ళని ఇష్టపడతావా అని. ఇంకొకరైతే నవ్వి తప్పించుకునేవారు. హాంగ్ తప్పించుకోలేదు, అవునన్నాడు. ఆ ముక్క ప్రసారంలో కత్తిరించారు. కానీ గాలికి తలుపులేం ఉంటాయి! పత్రికల వాళ్ళ చెవిన పడింది. ఆ సెప్టెంబరులో అచ్చులోకి వచ్చేసింది. తను 'గే' నని పదిమందిలో చెప్పుకున్న మొదటి కొరియన్ నటుడు ఆయనే.

వెంటనే పిల్లల కార్యక్రమం నుంచి తీసేశారు. రేడియో పోయింది. రావలసిన వేషాలు రావటం మానేశాయి. చట్టప్రకారం ఆయన చేసిన తప్పేం లేదు. కొరియాలో అది నేరమూ కాదు. అయినా ముఖం చాటేశారు. ప్వాసొన్ వేషానికి పొట్ట చెక్కలయ్యేలా నవ్విన జనమే, ఆ వేషం వెనక ఉన్న మనిషి నిజం చెబితే తట్టుకోలేకపోయారు. వేషం ముద్దు, మనిషి చేదు! ఈ మాట రాస్తుంటే నాకు మన సినిమాల్లో కొన్ని హాస్యపాత్రలు గుర్తొచ్చాయి. మీకూ గుర్తొచ్చే ఉంటాయి.

తల్లిదండ్రుల సంగతి ఆలోచించండి. పల్లెటూరు. ఒక్కగానొక్క కొడుకు. అందరి ఇళ్ళల్లోనూ టి.వి. ఉంది. ఎదురింటావిడ ఏమంటుంది? బంధువుల పెళ్ళికెళితే ఏమడుగుతారు? ఆ తల్లి ఎన్ని రాత్రులు నిద్రపోలేదో ఆమెకే తెలియాలి. ఆ బాధ మనకి కొత్తేం కాదు. మన దేశంలోనూ 2018లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పేదాకా అది నేరం కిందే లెక్క. కోర్టు ఒక్కరోజులో తీర్పు చెప్పగలదు. ఇంట్లో తీర్పు రావటానికి ఏళ్ళు పడుతుంది. బిడ్డ ఏదో చెప్పలేక నలిగిపోతున్నప్పుడు, వినే మనిషి ఇంట్లో ఒక్కరుంటే చాలు. ఆ ఒక్కరూ ఎక్కువసార్లు మనమే అవ్వాలి, అమ్మలమే.

ఇటేవాన్‌లో చిన్న మేడ

వేషాలు లేవు. చేతిలో పని లేదు. మరి రేపటి బియ్యం ఎలా? ఇక్కడే హాంగ్ కథ మలుపు తిరిగింది. 2002 ప్రాంతంలో ఇటేవాన్‌లో మూడంతస్తుల చిన్న భవనం, పైన డాబా. అందులో మొదటి రెస్టారెంట్ పెట్టాడు. పేరు 'అవర్ ప్లేస్'. అంటే 'మన చోటు' అని. ఎవరికీ చోటు లేకుండా పోయిన మనిషి పెట్టిన పేరు అది.

ఇటేవానే ఎందుకు? ఆ పేట సంగతి కొంచెం చెప్పాలి. పక్కనే యోంగ్‌సాన్‌లో అమెరికా సైన్యం స్థావరం ఉండేది. సైనికుల కోసం దుకాణాలు, దర్జీలు, బార్లు వెలిశాయి. 1976లో కొరియాలో మొట్టమొదటి పెద్ద మసీదు అక్కడే కట్టారు. దాని చుట్టూ హలాల్ మాంసం కొట్లు, మసాలా దినుసుల కొట్లు వచ్చాయి. కందిపప్పు కావాలన్నా జీలకర్ర కావాలన్నా సియోల్‌లో ఉండే మనవాళ్ళు వెతుక్కుంటూ వెళ్ళేది అటువైపే. రకరకాల మనుషులు, రకరకాల భాషలు. నువ్వెవరు, నీ సంగతేమిటని ఎవరూ అడగని పేట. ఊరంతా తలుపు వేసుకుంటే, తలుపు తెరిచి ఉన్న పేట అదొక్కటే.

హామిల్టన్ హోటల్ అని ఆ పేటకి గుర్తు. దాని వెనక సందుల్లో హాంగ్ ఒకదాని తర్వాత ఒకటి తెరుస్తూ వచ్చాడు. పేర్లన్నీ 'మై'తో మొదలయ్యేవి. మై థాయ్, మై చైనా, మై చెల్సీ... థాయ్ వంటకాలు ఆయన ప్రత్యేకత. కొరియా వాళ్ళు నాలుగు ముద్దలు అన్నం, కిమ్చీ, పులుసు ఉంటే చాలనుకునే మనుషులు. వాళ్ళకి నిమ్మగడ్డి, కొబ్బరిపాలు, చేప సాసు రుచి చూపించిన వాళ్ళలో ఆయనొకడు. ఓ దశలో పది దాకా నడిచాయి. ఆ సందుకి జనం ఆయన పేరే పెట్టేసి 'హాంగ్ సొక్‌చొన్ వీధి' అనేవారు. టి.వి. వాళ్ళు వద్దన్న మనిషి పేరు చెప్పుకుని అక్కడ పదిమంది వ్యాపారం చేసుకున్నారు.

తలుపు మళ్ళీ తెరుచుకుంది

మొదట మనసు మార్చుకున్నది ఓ రచయిత్రి. కిమ్ సూహ్యున్ అని, కొరియా సీరియళ్ళకి మహారాణి లాంటి ఆవిడ. మీ అమ్మాయి గోడ మీద అంటించుకున్న హీరో కిమ్ సూహ్యున్ కాదండోయ్! పేరొక్కటే. 1943లో పుట్టిన పెద్దావిడ. 2003లో ఆవిడ రాసిన 'పరిపూర్ణ ప్రేమ' అనే సీరియల్లో హాంగ్‌కి వేషం దొరికింది. గే పాత్రే. నవ్వించటానికి పెట్టిన పాత్ర కాదు. కథలో అందరిలాంటి మనిషి. మూడేళ్ళ తర్వాత ఆయన ముఖం మళ్ళీ ఇళ్ళల్లో కనపడింది. 2004లో టైమ్ పత్రిక ఆసియా వీరుల జాబితాలో ఆయన పేరు వేసింది.

తర్వాత 2014 చివర్లో జె.టి.బి.సి. ఛానెల్లో మొదలైన వంటల కార్యక్రమం గురించి మీకు తప్పక చెప్పాలి. పేరు 'మా ఫ్రిజ్ కాస్త చూడండి' అన్న అర్థం వచ్చేలా ఉంటుంది. సినిమా తారలో ఆటగాళ్ళో అతిథిగా వస్తారు. వాళ్ళింట్లో ఫ్రిజ్‌ని ఉన్నదున్నట్టుగా ఎత్తుకొచ్చి స్టూడియోలో పెడతారు! లోపల ఎండిపోయిన నిమ్మకాయ, మూడు రోజుల నాటి కూర, మూత పెట్టని సీసా... అన్నీ అందరికీ కనబడిపోతాయి. మనలో ఎవరి ఫ్రిజ్ అయినా అలా హఠాత్తుగా ఎత్తుకెళితే ఊహించండి! అందులో ఉన్నవాటితోనే ఇద్దరు వంటవాళ్ళు పోటీపడి పదిహేను నిముషాల్లో వంట చెయ్యాలి. మొదటి బృందంలో హాంగ్ ఉన్నాడు. చుట్టూ పెద్ద పెద్ద వంటబడుల్లో చదువుకున్న వాళ్ళు. ఈయన మాత్రం హోటలు నడుపుతూ నేర్చుకున్నవాడు. మనమూ అంతే కదూ, చేస్తూ చేస్తూ నేర్చుకున్నవాళ్ళమే.

మేనమామ చెయ్యి

ఈ కథలో నాకు అన్నిటికంటే నచ్చిన భాగం ఇది. హాంగ్ అక్క ఒకావిడ కాపురం నిలవలేదు. ఇద్దరు పిల్లలు, ఓ పాప, ఓ బాబు. మన పల్లెల్లో అయితే ఏమంటారు? "మేనమామ ఉన్నాడుగా" అంటారు. అక్కడా అదే జరిగింది. పిల్లల బాధ్యత ఆయనే తీసుకున్నాడు.

కొరియాలో 2008 దాకా ఓ పాత పద్ధతి ఉండేది. ఇంటి రిజిష్టరు మగ యజమాని పేరు మీదే నడవాలి. భర్తతో విడిపోయిన తల్లి పిల్లల్ని తన దగ్గరే పెట్టుకున్నా, కాగితాల మీద వాళ్ళు తండ్రి ఇంటివాళ్ళే. బడిలో చేర్చాలన్నా, ఏ అర్జీ పెట్టాలన్నా ఆ ఇంటిపేరు అడ్డొచ్చేది. అక్కడి ఆడవాళ్ళు ఏళ్ళ తరబడి పోరాడితే 2008 జనవరి నుంచి ఆ పద్ధతి రద్దయింది. ఆ ఏడాదే హాంగ్ తన అక్క పిల్లలిద్దర్నీ చట్టబద్ధంగా దత్తత తీసుకున్నాడు. వాళ్ళకి హాంగ్ ఇంటిపేరు వచ్చింది. పిలుపు మాత్రం నాన్నా అని కాదు, మామయ్యా అనే.

ఆలోచించండి. పిల్లల కార్యక్రమంలో ఉండటానికి పనికిరాడని పంపేసిన మనిషి, ఇద్దరు పిల్లల్ని చదివించి పెద్దవాళ్ళని చేశాడు. ఆయన హోటళ్ళు ఎన్నో నాకు అక్కర్లేదు. ఈ లెక్క ఒక్కటి చాలు.

అద్దె పెరిగింది, జనం తగ్గారు

హోటలు బాగా నడిస్తే ఏమవుతుంది? యజమానికి లాభం అనుకుంటాం. నిజానికి ముందు లాభపడేది భవనం ఓనరు! ఇటేవాన్ సందులు కళకళలాడుతున్న కొద్దీ అద్దెలు పెరిగాయి. కొరియాలో కొట్టు అద్దెకి తీసుకోవాలంటే మూడు మూటలు కట్టాలి. ఓనరుకి పెద్ద అడ్వాన్సు, నెలనెలా అద్దె, అంతకుముందు ఆ కొట్టు నడిపినవాడికి మరో ముడుపు. మన హైదరాబాదు పాతబస్తీలో 'పగిడీ' అంటారే, అలాంటిదే. పేటని బాగుచేసినవాళ్ళే పేటలో అద్దె కట్టలేక వెళ్ళిపోవలసి వచ్చింది. ఈ గోల చూసి 2018లో ప్రభుత్వం చట్టం మార్చింది. ఏడాదికి అద్దె 5 శాతం మించి పెంచకూడదనీ, అద్దెకున్నవాడు కోరితే 10 ఏళ్ళ దాకా ఉండనివ్వాలనీ చెప్పింది. అప్పటికే చాలామంది సామాను సర్దుకున్నారు.

అదే ఏడు అమెరికా సైన్యం ప్రధాన కేంద్రం సియోల్ వదిలి ప్యొంగ్‌టేక్ అనే ఊరికి తరలిపోయింది. ఆ రకంగా కొంత గిరాకీ పోయింది. 2019 జనవరిలో హాంగ్ తన రెస్టారెంట్లలో రెండిటిని మూసేస్తున్నట్టు చెప్పాడు. అప్పట్లో కొరియాలో కనీస వేతనం మీద పెద్ద రభస. గంటకి 2018లో 7,530 వోన్లు, 2019లో 8,350 వోన్లు అయ్యింది. అప్పటి లెక్కన గంటకి సుమారు 500 రూపాయలు. ఇంకేముంది, జీతాలు పెంచబట్టే హాంగ్ కొట్టు మూశాడని ఓ పత్రిక పతాక శీర్షిక పెట్టింది. ఆయన ఒప్పుకోలేదు. జీతాలు ఒక కారణమేగాని అదొక్కటే కాదు, అద్దెలూ పేటలో పోయిన కళా కూడా చూడాలన్నాడు. నష్టంలో ఉన్నవాడికి పనివాళ్ళ మీదకి తోసెయ్యటం తేలిక. ఆయన అలా తొయ్యలేదు. గమనించారా?

ఒక్క నెలలో

మొదట్లో చెప్పిన 'ఇటేవాన్ క్లాస్' సీరియల్ 2020 మార్చిలో ముగిసింది. ప్రపంచమంతా ఇటేవాన్ పేరు తెలిసింది. హోటళ్ళవాళ్ళకి ఇంకేం, పంట పండినట్టే అనుకుంటున్నారా? సరిగ్గా ఆరేడు వారాల తర్వాత, మే మొదట్లో, ఇటేవాన్ నైట్‌క్లబ్బుల నుంచి కరోనా పాకిందని వార్త. రాత్రికి రాత్రి పేట నిర్మానుష్యం అయిపోయింది. మన దగ్గర లాక్‌డౌన్లో మెయిన్ బజార్ ఎలా ఉందో గుర్తుందా? అలాగ.

ఆ క్లబ్బుల్లో కొన్నిటికి గే యువకులు వెళ్ళేవారు. పేరు బయటపడితే ఉద్యోగం పోతుందేమో, ఇంట్లో తెలుస్తుందేమోనని చాలామంది పరీక్షకి రావటానికి భయపడ్డారు. అప్పుడు హాంగ్ ముందుకొచ్చి, భయం అర్థమవుతుందిగాని ఇప్పుడు ధైర్యం చెయ్యాలి, వెళ్ళి పరీక్ష చేయించుకోండని వాళ్ళకి విజ్ఞప్తి చేశాడు. ఇరవై ఏళ్ళ కిందట ఆ భయం ఏమిటో తను తిన్నవాడు గనక ఆ మాట ఆయన నోటే వినబుద్ధి అయ్యింది.

కానీ కొట్లు నిలవలేదు. 2020 ఆగస్టు చివర్లో చివరిదైన మై చెల్సీ కూడా మూసేస్తున్నానని చెప్పాడు. ప్రపంచ ఆర్థిక మాంద్యం, 2015లో వచ్చిన మెర్స్ జబ్బు, అన్నీ తట్టుకున్నానుగాని కరోనా ముందు నిలవలేకపోయానన్నాడు. పద్ధెనిమిదేళ్ళ ఇటేవాన్ హోటళ్ళ జీవితం అలా ముగిసింది.

పేటకి కష్టాలు అక్కడితో ఆగలేదు. 2022 అక్టోబరు 29 రాత్రి, ఆ హామిల్టన్ హోటల్ పక్క సందులోనే, పండగ చూడటానికొచ్చిన జనం తొక్కిసలాటలో 159 మంది ప్రాణాలు పోయాయి. ఎక్కువమంది మన పిల్లల వయసువాళ్ళే.

హాంగ్ ఇంట్లో కూర్చోలేదు. మళ్ళీ టి.వి. కార్యక్రమాలు చేశాడు. 2022లో అబ్బాయిల్ని ఇష్టపడే అబ్బాయిలు, అమ్మాయిల్ని ఇష్టపడే అమ్మాయిల ప్రేమల మీద వచ్చిన 'మెర్రీ క్వీర్' కార్యక్రమానికి ఓ వ్యాఖ్యాతగా ఉన్నాడు. పక్కన కూర్చున్నదెవరో తెలుసా? షిన్ డాంగ్‌యప్. ఆ పాత హాస్య సీరియల్లో తనతో కలిసి నటించిన స్నేహితుడే! 2023లో యూట్యూబ్‌లో కొత్త కార్యక్రమం మొదలుపెట్టి కుర్రకారుని కూడా ఆకట్టుకున్నాడు. 2000లో ఏ మాట చెప్పినందుకు వెళ్ళగొట్టారో, ఇప్పుడు ఆ మాట దాచుకోకుండానే పని చేసుకుంటున్నాడు.

మరి మనకి?

మీలో కొందరు కర్రీ పాయింట్ పెట్టాలనుకుంటూ ఉండవచ్చు. పచ్చళ్ళు, పొడులు అమ్ముతూ ఉండవచ్చు. పిల్లలు పెద్దయ్యాక ఇంటి ముందు గదిలో టిఫిన్ సెంటర్ పెట్టుకుందామన్న ఆలోచన ఉండవచ్చు. హాంగ్ కథ చదివాక నాకు తోచినవి నాలుగు మాటలు చెబుతాను, వినండి.

ఒకటి - చేతి రుచి ఎంత ముఖ్యమో అద్దె కాగితం అంత ముఖ్యం. ఎన్నేళ్ళు ఉండనిస్తారు, ఏడాదికి ఎంత పెంచుతారు, ఇవి ముందే రాయించుకోండి. నోటిమాట మీద నమ్మి లక్షలు పోసి రంగులు వేయించకండి.

రెండు - అమ్మకం తగ్గినా తగ్గని ఖర్చులుంటాయి. అద్దె, జీతం, కరెంటు, అప్పు మీద వడ్డీ. జనం రాని మూడు నెలలకి సరిపడా ఈ డబ్బు పక్కన లేకుండా రెండో కొట్టు మాట ఎత్తకండి.

మూడు - అన్ని కొట్లూ ఒకే వీధిలో ఉంటే ఆ వీధికి జ్వరం వస్తే అన్నిటికీ వస్తుంది. పచ్చళ్ళు అమ్మేవాళ్ళయితే కొట్టులో కొంత, ఇంటికి పంపేది కొంత, పెళ్ళిళ్ళ ఆర్డర్లు కొంత... ఇలా గిన్నెలు వేరువేరుగా పెట్టుకోండి.

నాలుగు - మీ పనివాళ్ళ జీతం మీ నష్టానికి కారణమని చెప్పేముందు ఓసారి అద్దె రసీదు తీసి చూడండి.

ఇవన్నీ డబ్బు మాటలు. అసలు మాట ఇంకొకటుంది. ఆ రోజుల్లో ఆయనతో కలిసి అన్నం తినటానికి కూడా వెనకాడిన వాళ్ళు ఉండే ఉంటారు. అలాంటి మనిషి ఊరందరికీ అన్నం పెట్టే పని ఎంచుకున్నాడు. ఆకలేసి లోపలికొచ్చిన మనిషికి ప్లేటు ముందు పెడితే, పెట్టినవాడి పుట్టుపూర్వోత్తరాలు ఎవరికి గుర్తుంటాయి? కోపాలు, పట్టింపులు కరిగించటానికి మన అమ్మమ్మలు ఎరిగిన మార్గం ఇదే. "ముందు తినవయ్యా, తర్వాత మాట్లాడుకుందాం" అనేవారు.

ఈ రాత్రి మీ అమ్మాయి ఫోను పట్టుకుని మూల చేరినప్పుడు ఈ కథ చెప్పండి. చెబుతూ, ఆ పిల్ల మీకేదైనా చెప్పాలనుకుంటోందేమో కూడా కాస్త కనిపెట్టండి. ఏమంటారు?

పదిహేను నిముషాల వంట: థాయ్ పద్ధతిలో కైమా వేపుడు

హాంగ్ కథ చదివి థాయ్ వంట నోరూరిస్తోందా? 'పద్ క్రాపావ్' అని, థాయ్‌లాండ్‌లో వీధి వీధినా దొరికే వంటకం మీకోసం. అసలు వంటలో వేసేది ఏ ఆకో తెలుసా? మన తులసే! కానీ కోటలో ఉన్న తులసమ్మని బాణలిలో వెయ్యటానికి మనకి చేతులు రావు కదా. అందుకని సబ్జా ఆకు వాడండి, దాని చుట్టమే. పెరట్లో సబ్జా మొక్క లేకపోతే నాలుగు సబ్జా గింజలు కుండీలో చల్లండి, మొలుస్తుంది.

కావలసినవి: చికెన్ కైమా పావుకిలో (శాకాహారులైతే సన్నగా తరిగిన పుట్టగొడుగులు), వెల్లుల్లి రెబ్బలు 8, పచ్చిమిర్చి 5 లేక 6, నూనె 2 పెద్ద చెంచాలు, సోయా సాసు 1 పెద్ద చెంచా, పంచదార 1 చిన్న చెంచా, సబ్జా ఆకు గుప్పెడు, ఉప్పు చాలా కొద్దిగా.

తయారుచేసే విధానం: వెల్లుల్లి, పచ్చిమిర్చి రోట్లో కచ్చాపచ్చాగా దంచండి. మెత్తగా నూరితే రుచి రాదు. బాణలిలో నూనె బాగా కాగాక దంచినది వేసి అర నిముషం కలపండి. ఘాటు తగులుతుంది, కిటికీ తెరిచి ఉంచండి! కైమా వేసి పెద్దమంట మీద ఉండలు కట్టకుండా కలుపుతూ అయిదారు నిముషాలు వేయించండి. నీరు ఇగిరి, ముక్క ఉడికాక సోయా సాసు, పంచదార వేసి ఇంకో నిముషం తిప్పండి. సోయాలో ఉప్పు ఉంటుంది గనక రుచి చూసి అవసరమైతేనే ఉప్పు వెయ్యండి. పొయ్యి ఆపేసి సబ్జా ఆకు వేసి ఒక్కసారి కలిపి మూత పెట్టండి. వేడి అన్నం మీద వేసి, పైన అంచులు కరకరలాడే ఆమ్లెట్టో, ఒకవైపే వేయించిన గుడ్డో పెట్టి ఇవ్వండి. ఇద్దరికి కడుపునిండా వస్తుంది.